ఎగిరే మాటకు తెల్లరంగు నంబరు

ఆంగ్లాంధ్ర మహానిఘంటు సంస్థ కాకినాడలో ఉందని కాకినాడలోనే చాలామందికి తెలియదు. తెలిసినవాళ్ళు కూడా దాన్ని ఉప్పు గోదాం అనే అంటారు. ఇంగ్లీషు మాటలన్నిటికీ తెలుగు అర్థాలు రాయించి తీరాలని ప్రభుత్వం ఎప్పుడో సంకల్పించింది. సంకల్పం పెద్దది కనుక భవనం ఎలాంటిదైనా ఫరవాలేదనుకుని, పోర్టుకు పోయే దారిలో ఖాళీగా పడివున్న పాత గోదాంను కేటాయించింది. పైన ఎత్తయిన దూలాలు, గోడలకు వెంటిలేటర్లు, వాటి నిండా పావురాలు. కింద బల్లలు, బల్లల ముందు ఉపసంపాదకులు. పావురాలు మాత్రం పొద్దున్నించీ సాయంత్రం దాకా ఏదో ఒక పని చేసుకుంటూ కనిపించేవి.

ఒక్కో ఉపసంపాదకుడికి ఒక్కో అక్షరం ఇచ్చారు. 'ఎస్' వచ్చినాయన సగంలో ఉండగానే రిటైరైపోయాడు. 'ఎక్స్' వచ్చినాయన నెల తిరక్కుండా ముగించుకుని మిగతా సర్వీసంతా పేపరు చదివాడు. హైమవతికి 'వి' వచ్చింది. మరీ లావూ కాదు, మరీ బక్కా కాదు. మనసు పెట్టి చేస్తే ఒక జీవితానికి సరిపోయే అక్షరం. హైమవతి మనసు పెట్టే చేసింది.

ఆమెను ఈ ఉద్యోగంలోకి తెచ్చింది కూడా ఆ అక్షరంలోని మాటే. ఇంటర్వ్యూ నాటికి ఆమెకు ఇరవై రెండేళ్ళు. ఆడపిల్లకు నిఘంటువులతో పనేమిటని వాళ్ళ నాన్న గుమ్మం దాకా వచ్చి గొణిగాడు. ఇప్పుడు గోడ మీద పటంలో దండ వేయించుకుని ఉన్న మొదటి ప్రధాన సంపాదకులు అప్పుడు కుర్చీలో ఉండి, "వోలంట్ అనే విశేషణానికి తెలుగు చెప్పమ్మా" అన్నారు. అది కవులు తప్ప ఇంకెవరూ ముట్టుకోని మాట. ఎగురుతున్న అని ఒక అర్థం, తేలిగ్గా చురుగ్గా కదిలే అని ఇంకొకటి, రాజుల డాళ్ళ మీద రెక్కలు విప్పినట్టు బొమ్మ గీసిన పక్షి గురించి చెప్పేటప్పుడు మూడోది. హైమవతి తలెత్తి దూలాల వైపు చూసింది. అంతలో ఓ పావురం దూలం మీంచి లేచి, గదంతా చుట్టి, ఎక్కడా వాలకుండా వెంటిలేటరులోంచి వెళ్ళిపోయింది. "రెక్క వాలని, అండి" అంది హైమవతి. ఆయన ఫైలు మూసేసి, రేపటి నుంచి వచ్చెయ్యమన్నారు.

అప్పటినుంచి ఇప్పటిదాకా ఆమె వేల మాటలకు అర్థాలు రాసింది. కానీ ఆ ఒక్క మాటంటే ఆమెకు సొంత బిడ్డంత ప్రేమ. నిఘంటువు అచ్చయి, ఆ పేజీ తీసి, ఆ మాట పక్కన తను చెప్పిన తెలుగు చూసుకున్నాకే రిటైరవ్వాలని ఆమె కోరిక. రిటైర్మెంటు వచ్చే సంవత్సరమే. రాతప్రతి కూడా సిద్ధంగా ఉంది. అలాంటి సమయంలో తనిఖీ వచ్చిపడింది.

దానికి కారణం సంచాలకులు డాక్టర్ పరిమి సదానందం గారు. ఆయన నెలకు ఇరవై రోజులు సదస్సుల కోసం విమానాల్లోనే ఉండేవారు. ఆయన కుర్చీ మీద తువ్వాలు పరిచి ఉంటే ఆయన ఆఫీసులో ఉన్నట్టు లెక్క. తువ్వాలు ఎన్నడూ సెలవు పెట్టలేదు. ప్రభుత్వ ఆస్తుల భౌతిక తనిఖీ విభాగం నుంచి అధికారి వచ్చిన రోజున మాత్రం ఖర్మ కాలి ఆయన నిజంగానే కుర్చీలో ఉన్నారు.

వచ్చిన అధికారి పేరు భీమేశ్వరరావు గారు. ఆయన మాట్లాడుతూంటే ప్రభుత్వ ఉత్తర్వుకు గొంతు వచ్చినట్టుండేది. బల్లలూ కుర్చీలూ ఫ్యాన్లూ లెక్క పెట్టి, ప్రతిదాని మీదా తెల్లరంగు నంబరు ఉందో లేదో చూసి, పెదవి విరిచారు.

"ఇంత సంస్థకు ఆస్తి ఇంతియేనా?" అన్నారు.

సదానందం గారికి రోషం వచ్చింది. "కుర్చీలేమిటండీ! మా ఆస్తి మాటలు! లక్ష మాటలండీ!"

భీమేశ్వరరావు గారు పెన్ను మూత తీశారు. "లక్షా! మరి స్టాకు రిజిస్టరునందు ఒక్కటియైనను ఎక్కించలేదేమి? ప్రభుత్వ సొమ్ముతో సమకూర్చిన ప్రతి వస్తువును కంటితో చూచి, నంబరు వేసి, భద్రపరచవలెనని నిబంధన కలదు గదా?"

"మాటలకు నంబర్లేమిటండీ?"

"మాటలు ఆస్తియని తమరే సెలవిచ్చితిరి. ఆస్తికి తనిఖీ తప్పదు. ఏ మాటకు ఆ వస్తువును హాజరుపరచుడు. హాజరు కాని మాటలను కొట్టివేయుదుము. తనిఖీ ముగియనిదే పుస్తకము అచ్చునకు పోరాదు."

వారం తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది. సదానందం గారు మర్నాడే ఏదో సదస్సుకు విమానమెక్కారు. తువ్వాలు మిగిలింది.

తనిఖీ మహా జోరుగా మొదలైంది. నంబర్లు వేసే పని అటెండరు నూకరాజుది. రేకు ముక్కలో అంకెలు కత్తిరించి, దాన్ని వస్తువుకు ఆనించి, తెల్లరంగు ముంచిన కుంచె రాసేవాడు. మొదట్లో హాయిగానే గడిచింది. బకెట్టు తెచ్చారు, నంబరేశారు. చింతపండు తెచ్చారు, కుండలో పెట్టి కుండకు నంబరేశారు. 'డాంకీ' దగ్గర చిక్కొచ్చింది. తోలుకొచ్చిన గాడిద నూకరాజును ఒక్క తాపు తన్నేసరికి, రేకు ఎగిరి 'డి' అక్షరం ఉపసంపాదకుడి సైకిలు మీద పడి, నంబరు దాని మడ్‌గార్డు మీద అచ్చయింది.

"తుడిచేస్తానండి" అన్నాడు నూకరాజు.

"వేసిన నంబరును తుడుచుట నేరము" అన్నారు భీమేశ్వరరావు గారు. "నంబరు దేనిపై ఉన్నదో అదియే వస్తువు."

ఆ విధంగా మహానిఘంటువులో సైకిలు గాడిదైంది. స్టాకు వస్తువు గేటు దాటాలంటే గేట్‌పాస్ కావాలి. రిపేరుకో వేలానికో తప్ప గేట్‌పాస్ ఇవ్వరు. పాపం ఆ 'డి' ఆయన అప్పటినుంచి జగన్నాథపురం దాకా నడిచే పోతున్నాడు.

తర్వాత కంటికి కనపడని మాటల వంతు వచ్చింది. 'అర్జెంట్' అనాయాసంగా దొరికింది. ఎర్ర కాగితం అంటించిన ఫైలొకటి బీరువా అడుగున బూజు పట్టి ఉంది, దాన్ని చూపించారు. 'వేకెంట్' కూ ఇబ్బంది కలగలేదు. ఖాళీ పోస్టులకు సంస్థలో కొదవ లేదు. 'హానెస్టీ' కోసం మాత్రం భీమేశ్వరరావు గారు అన్ని సెక్షన్లూ తిరిగారు, సొరుగులు లాగి చూశారు, తువ్వాలు ఎత్తి కూడా చూశారు. చివరికి 'వెదకబడినది, లభ్యము కాలేదు' అని రాసి కొట్టేశారు. ఎవరూ ఎదురు చెప్పలేదు. 'మెర్సీ' కొట్టేసినప్పుడు ఆ అక్షరం చూసే పెద్దాయన దయచేసి వదిలెయ్యండని బతిమాలాడు. "దయ అనునది అందుబాటులో లేదని ఇప్పుడే కొట్టివేసితిని గదా" అన్నారు భీమేశ్వరరావు గారు.

'వోల్కేనో' తనిఖీ కోసం సదానందం గారు స్వయంగా ఇటలీ వెళ్ళొచ్చారు. అగ్నిపర్వతం ముందు చేతులు కట్టుకుని నిలబడి దిగిన ఫొటో తెచ్చారు. "జిరాక్సు చెల్లదు. ఒరిజినల్ తేవలెను" అంటూ భీమేశ్వరరావు గారు ఆ మాట కొట్టేశారు. ఆ తర్వాత వోలంట్ వంతు వచ్చింది.

ఆ రోజు హైమవతి పొద్దున్నే స్నానం చేసి, ఇంటర్వ్యూకి వెళ్ళేదానిలా మంచి చీర కట్టుకుని వచ్చింది. సంచాలకులు కూడా ఇటలీ నుంచి వచ్చిన ఊపు మీదే ఉండి, తనిఖీ చూడ్డానికి కుర్చీ వేయించుకున్నారు. వాళ్ళ నెత్తిన దూలం, దూలం మీద పావురాల వరస.

"శ్రీమతి హైమవతి గారు, సదరు పదము యొక్క అర్థములను దాఖలు చేయుడు" అన్నారు భీమేశ్వరరావు గారు.

"మూడండీ. ఎగురుతున్న, చురుగ్గా తేలిగ్గా కదిలే, డాళ్ళ మీద పక్షి బొమ్మకు రెక్కలు విప్పిన."

"వాడుక?"

"కవులు వాడతారండీ."

"బజారునందు?"

"వాడరండీ."

"ఆఫీసులయందు?"

"ఇప్పుడు మనం వాడుతున్నదే మొదటిసారండీ."

భీమేశ్వరరావు గారు ముక్కు మీది కళ్ళద్దాలు సర్దుకున్నారు. "వాడుకలో లేని వస్తువును నిరుపయోగ వస్తువుగా కొట్టివేయుటకు నాకు అధికారము కలదు. అయినను తమ వయస్సును గౌరవించి అవకాశమిచ్చుచున్నాను. మూడు అర్థములును హాజరుకావలెను. ఒక్కటి తప్పినను మొత్తము పదము పోవును."

రెండో అర్థం ముందు తెమిలింది. చురుగ్గా తేలిగ్గా కదిలే మనుషులు ప్రభుత్వ కార్యాలయంలో ఎక్కడున్నారా అని అందరూ బెంగపడ్డారు గానీ, నిన్న సాయంత్రం ఐదయ్యేసరికి భీమేశ్వరరావు గారు గుమ్మంలో నిలబడి కళ్ళారా చూశారట. గంట కొట్టడం ఆగేలోగా గోదాంలో ఒక్క మనిషి లేడు. ఆయన సంతృప్తిగా టిక్కు పెట్టి, గంటకు నంబరు వేయించారు. మూడోదానికి హైమవతి సంస్థ చిహ్నాన్ని చూపించింది. అందులో హంస రెక్కలు విప్పి ఉంది. "ఇది బొమ్మ. మరల జిరాక్సేనా?" అన్నారాయన.

"ఆ అర్థం బొమ్మ గురించేనండీ. బొమ్మే ఒరిజినల్."

భీమేశ్వరరావు గారు నిబంధనల పుస్తకం ముందుకీ వెనక్కీ తిప్పి, తప్పక ఒప్పుకున్నారు. ఇక మిగిలింది మొదటి అర్థం. హైమవతి వేలెత్తి దూలం మీది పావురాన్ని చూపించింది.

"కూర్చుని ఉన్నది" అన్నారు భీమేశ్వరరావు గారు.

నూకరాజు చప్పట్లు కొట్టాడు. పావురం లేచింది.

"ఇప్పుడు ఎగురుతోందండీ."

"సరి. నంబరు వేయుడు."

నూకరాజు నోరు తెరిచాడు. "ఎగిరేదానికి నెంబరెలా ఏత్తామండి బాబూ? వాలాక ఏత్తానండి."

"వాలిన పిమ్మట అది ఎగురు వస్తువు కాదు. వాలిన దానిపై ఎగురుచున్నదని నంబరు వేయుట తప్పుడు ధ్రువీకరణ."

"నంబరు వేశాక దాన్ని వదిలేస్తారా?" అనడిగింది హైమవతి.

"వదలుటయా! ప్రభుత్వ ఆస్తి ఎగిరిపోయినచో నష్టము ఎవరి నెత్తిన? రెక్కలు కత్తిరించి స్టోరు గదిలో భద్రపరచవలెను."

"రెక్కలు కత్తిరిస్తే ఎగరదు కదండీ!"

"ఎగురుట తనిఖీ దినమున అవసరము. మిగతా దినములలో భద్రత అవసరము" అన్నారు భీమేశ్వరరావు గారు చాలా ఓపిగ్గా.

మాట బతకాలంటే పావురం రెక్కలు పోవాలి. రెక్కలు ఉండాలంటే మాట పోవాలి. చూస్తూ చూస్తూ ఏది వదులుకుంటుంది? ఆమె ఏదో అనబోయేలోగా సంచాలకులు లేచి నిలబడి, "వెయ్యవయ్యా నూకరాజూ, నేను చూస్తాగా!" అని గదమాయించారు. నూకరాజు దేవుడికి దణ్ణం పెట్టుకుని నిచ్చెన వేసుకున్నాడు. ఒక చేత్తో అంకెల రేకు, ఇంకో చేత్తో కుంచె. చీరలు ఆరేసే కర్రతో ఒకాయన పావురాల్ని లేపుతున్నాడు. మిగతావాళ్ళు 'హుష్ హుష్' అంటున్నారు. సంచాలకులు నిచ్చెన కింద నిలబడి, "కుడి, కుడి! ఎడమ!" అని కేకలు పెడుతున్నారు.

ఒక బూడిదరంగు పావురం నూకరాజు చెవి పక్కనుంచే దూసుకుపోయింది. అతను కుంచె విసిరాడు. కుంచె దాని తోకకు రాసుకుంది. నిచ్చెన కదిలింది. రంగు కారుతున్న రేకు చేతిలోంచి జారి, కింద తల పైకెత్తబోతున్న సంచాలకుల నున్నటి నెత్తి మీద బోర్లా పడింది.

సదానందం గారు నెమ్మదిగా రేకు తీసేసరికి నెత్తి నడిమధ్యన తెల్లగా, ముత్యాల్లాంటి అంకెల్లో 312 అచ్చయి ఉంది.

అందరూ ఆ నెత్తినే చూస్తున్నారు. హైమవతి మాత్రం పైకి చూసింది. వెంటిలేటరులోంచి బయటికి జారుకుంటున్న పావురం తోక చివర తెల్లటి చార. నిచ్చెన మీది నూకరాజు కూడా అదే చూశాడు. ఇద్దరి చూపులూ కలిశాయి. హైమవతి పెదవుల మీద వేలుంచుకుంది. నూకరాజు తలూపాడు.

"తుడవండి, తుడవండి!" అంటున్నారు సంచాలకులు.

"తుడుచుట నేరము" అన్నారు భీమేశ్వరరావు గారు. సంచాలకుల నెత్తి దగ్గరికంటా వచ్చి, వంగి, అంకెలు సరిచూసుకున్నారు. "నంబరు దేనిపై ఉన్నదో అదియే వస్తువు. ఇక గుణము సరిచూడవలెను. సంచాలకుల వారు గడచిన సంవత్సరము అధిక భాగము ఎచ్చట ఉండిరి?"

"విమానంలోనండి" అన్నారు ఉపసంపాదకులందరూ ఒక్క గొంతుతో. ఆ సంస్థలో ఏకాభిప్రాయం కుదరడం అదే మొదలు.

"ఎగురుచున్నట్లు ధ్రువీకరించడమైనది" అని రాసి సంతకం పెట్టారు భీమేశ్వరరావు గారు. "వస్తువు శ్రీమతి హైమవతి గారి సంరక్షణలో ఉండును."

మాట నిలబడింది. రెక్కలూ నిలబడ్డాయి. హైమవతికి ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

సంచాలకులు మొదట్లో మురిసిపోయారు. నేనొక మాటకు సాక్షాత్తూ అర్థాన్నని వచ్చినవాళ్ళకల్లా నెత్తి వంచి చూపించారు. మూడో రోజున సింగపూరు సదస్సుకని పెట్టె పట్టుకుని బయల్దేరితే గేటు దగ్గర వాచ్‌మన్ అడ్డుపడ్డాడు.

"గేట్‌పాస్ ఉందాండి?"

"నేను డైరెక్టర్నయ్యా!"

"తవరు డైరెక్టరుగారేనండి. కానండి, నెత్తి మీద నెంబరుందని ఇయ్యాలే తెలిసిందండి. నెంబరున్నది ఏదీ ఒగ్గద్దన్నారండి."

ఆయన లోపలికొచ్చి తన గేట్‌పాస్ తానే మంజూరు చేసుకోబోయారు. వస్తువు తనను తాను బయటికి పంపుకోరాదని భీమేశ్వరరావు గారు ఫోనులో చదివి వినిపించారు. రాత్రుళ్ళు సంచాలకుల గదిలోనే మంచం వేశారు. తువ్వాలు మడిచి లోపల పెట్టేశారు.

మాటల తనిఖీ ముగిసింది గానీ, అప్పుడు మొదలైంది అసలు ఆపద. ఇన్నేళ్ళకు సంచాలకులు పని చెయ్యడం మొదలుపెట్టారు. పొద్దునొక మీటింగు, మధ్యాహ్నం ఒకటి. అచ్చుకు సిద్ధంగా ఉన్న రాతప్రతి తెప్పించుకుని, 'ఏ' దగ్గర్నుంచీ మళ్ళీ రాయాలన్నారు. పీఠికొకటి మొదలుపెట్టారు. అది 'ఎస్' అక్షరాన్ని మించిపోయేలా ఉంది. కవితాత్మక విశేషణాల మీద ఉపసంఘం, ఉపసంఘం మీద పర్యవేక్షణ సంఘం వేశారు. హైమవతి రోజూ ఆ రాతప్రతి కట్టల వైపు చూసుకుని, తన రిటైర్మెంటులోగా అది అచ్చు మొహం చూడదని కుమిలిపోయేది. మాటను కాపాడుకుని పుస్తకాన్ని పోగొట్టుకుంది.

అంతలో అర్ధవార్షిక తనిఖీకి నోటీసు వచ్చింది. 'వస్తువు గుణము కోల్పోయినచో పదము కొట్టివేసి, వస్తువును వేలము వేయవలెను' అని అందులో ఉంది.

సంచాలకులు నోటీసు పట్టుకుని హైమవతి బల్ల దగ్గరికి పరిగెత్తుకొచ్చారు. జుట్టు లేని తల మీద చెమట పట్టి అంకెలు మెరుస్తున్నాయి.

"చూశారా అమ్మా? నేను ఎగరడం లేదు కదా! నన్ను వేలం వేస్తారా?"

"పాట పెడతారండి" అన్నాడు కాఫీ పట్టుకొచ్చిన నూకరాజు.

"ఎవరూ పాడకపోతే?"

"అప్పుడు తూకానికిచ్చేత్తారండి. పోయినేడు బీరువాని అలాగే ఇచ్చేశారు కదండి."

సదానందం గారు పక్కనున్న స్టూలు మీద కూలబడ్డారు. చేతుల్లోకి మొహం దించుకున్న ఆయన్ని చూస్తే హైమవతికి జాలేసింది. పైగా మాట కూడా పోయేట్టుంది. ఆమె నిబంధనల పుస్తకం తీసి మొదటిసారి శ్రద్ధగా చదివింది. జీవితమంతా మాటల అర్థాలు చూసినామెకు ఆ పుస్తకం పెద్ద కష్టమనిపించలేదు. మర్నాడు భీమేశ్వరరావు గారు రాగానే ఎదురెళ్ళింది.

"మీరు చూడకముందే నేనే చెప్పేస్తున్నానండీ. వస్తువు ఎగరడం మానేసింది. పాడైపోయింది."

"ఒప్పుకొంటిరా? అయినచో కొట్టివేయుదును."

"కొట్టెయ్యడానికి ముందు ఒకసారి రిపేరుకు పంపాలని పదిహేడో నిబంధనలో ఉంది కదండీ?"

ఆయన కళ్ళు మెరిశాయి. తన పుస్తకాన్ని ఇంకొకరు చదివారని తెలిసిన ఆనందం అది. "కలదు! తప్పక కలదు! రిపేరు ఎచ్చట?"

"ఎగరనిది ఎగరాలంటే విమానంలోనే కదండీ."

"సింగపూరు, ఆపైన జపాను!" అన్నారు సదానందం గారు లోపల్నుంచి.

భీమేశ్వరరావు గారు ఆలోచించారు. ఎంత ఆలోచించినా నిబంధనల్లో తప్పు కనపడలేదు. "రిపేరు ముగియువరకు ఆగక ఎగురుచుండవలెను. మధ్యలో విరామమిచ్చి తిరిగివచ్చినచో రిపేరు విఫలమైనట్లే. అప్పుడు వేలమే. ఖర్చులను మరమ్మతుల పద్దునందు వేయుదురుగాక" అన్నారు.

హైమవతి గేట్‌పాస్ రాసింది. కారణం దగ్గర 'రిపేరు' అని రాసింది. తిరిగి వచ్చు తేదీ దగ్గర 'రెక్క వాలినప్పుడు' అని రాసి సంతకం పెట్టింది. వాచ్‌మన్ ఆ చీటీ చదివి, సంచాలకుల నెత్తి మీది నంబరుతో సరిచూసుకుని, సెల్యూట్ కొట్టి గేటు తీశాడు.

ఆయన ఇక తిరిగి రాలేదు. సదస్సు నుంచి సదస్సుకు, దేశం నుంచి దేశానికి ఎగురుతూనే ఉన్నారు. దిగితే వేలం. ఒక్క విశేషణాన్ని భాషలో నిలబెట్టడానికి ప్రభుత్వం ఇంత ఖర్చు ఎన్నడూ పెట్టి ఉండదు. ఆ ఖర్చు మీద ఇంతవరకు ఏ తనిఖీ అధికారీ అభ్యంతరం చెప్పలేదు, ఎందుకంటే అంతా నిబంధనల ప్రకారమే జరుగుతోంది. కుర్చీ మీద తువ్వాలు మళ్ళీ పరిచారు. సంఘాలూ ఉపసంఘాలూ ఆగిపోయాయి. పీఠిక లేకుండానే పుస్తకం అచ్చుకు పోయింది.

హైమవతి రిటైరైన రోజునే మొదటి ప్రతి వచ్చింది. సభకు పిలవకపోతే బాగుండదని భీమేశ్వరరావు గారినే అధ్యక్షత వహించమన్నారు. శాలువా కప్పారు, దండ వేశారు. ఆమె పుస్తకం విప్పి, 'వి' దాకా తిప్పింది. వోలంట్: రెక్క వాలని. దాని కింద చిన్న అక్షరాల్లో 'నం. 312. రిపేరులో ఉన్నది' అని ఉంది. అది చూసి ఆమెకు ఒళ్ళు మండింది. కానీ పైన ఆ ఇంగ్లీషు మాట పక్కన తన మాట ఉంది, ఎవరూ తీసెయ్యలేరు. కళ్ళు తుడుచుకుంది.

భీమేశ్వరరావు గారు ఉపన్యాసం అందుకున్నారు. "శ్రీమతి హైమవతి గారు నిబంధనలను ఆదరించిన మహిళ. సదరు మహిళ యొక్క సేవలను..."

నూకరాజు గోడవారగా వచ్చి ఆమె చెవి దగ్గర వంగాడు. "మేడంగారూ, పైన చూడండి. మన మూడొందల పన్నెండు వచ్చిందండి."

ఆమె చూసింది. సరిగ్గా భీమేశ్వరరావు గారి నెత్తి మీద, దూలం అంచున, బూడిదరంగు పావురం. తోక చివర తెల్లటి చార ఇంకా పోలేదు. అది హాయిగా కూర్చుని, తల పక్కకు వాల్చి ఆ ఉపన్యాసం వింటోంది. భీమేశ్వరరావు గారు ఏదో మాట తట్టక, దాన్ని వెదుక్కుంటూ మొహం పైకెత్తబోతున్నారు. తెల్లరంగు ఎక్కడున్నా ఆయన కంటబడకుండా పోదు. చూశారంటే నంబరు, కత్తెర, స్టోరు గది.

హైమవతి లేచి నిలబడి, ఒళ్ళో పుస్తకం జారిపోతున్నా పట్టించుకోకుండా, గట్టిగా చప్పట్లు కొట్టింది.

పావురం టపటపమని లేచింది. గోదాం అంతా ఒక్క చుట్టు చుట్టి, ఎక్కడా వాలకుండా, వెంటిలేటరులోంచి పోర్టు వైపు వెళ్ళిపోయింది. ఉపన్యాసం అయిపోయిందనుకుని ఉపసంపాదకులందరూ చప్పట్లు అందుకున్నారు. తన మాటలకు ఇంత స్పందన ఎన్నడూ ఎరగని భీమేశ్వరరావు గారు మహదానందపడి, చేతులు జోడించి, మళ్ళీ మొదటినుంచీ మొదలుపెట్టారు.

హైమవతి వెంటిలేటరు వైపు చూస్తూ ఇంకా చప్పట్లు కొడుతూనే ఉంది.